బెంచీ మీద చదివిన కోచ్

పోర్చుగల్ వాడు నూనో ఎస్పిరిటో సాంటో కోచ్‌గా ఉన్న ఫుట్‌బాల్ జట్టు ఆడుతోందంటే నా స్నేహితుడొకడు చానల్ మార్చేస్తాడు. వాడు లండన్ క్లబ్బు టాటెన్‌హామ్ అభిమాని. 2021లో నూనో వాళ్ల క్లబ్బులో ఉన్న ఆ నాలుగు నెలలూ వాడికి ఇప్పటికీ మానని పుండే. "బంతంటే ఇష్టం లేనివాడికి ఫుట్‌బాల్ కోచ్ ఉద్యోగం ఎందుకిస్తారు?" అంటాడు. బంతి మన దగ్గర లేనప్పుడు ఏం చెయ్యాలో పదకొండు మందికి నేర్పడమే ఆ ఉద్యోగంలో కష్టమైన సగం అంటాను నేను. వాట్సాప్‌లో తేలే గొడవ కాదిది. అందుకే ఇక్కడ రాస్తున్నాను.

గోల్‌కీపర్‌గా ఆడాడు కాబట్టి నూనో డిఫెన్స్ కోచ్ అయ్యాడని అందరూ అంటారు. నాకది సగం నిజంలా కనిపిస్తుంది. అతను రెండో గోల్‌కీపర్. ఏళ్ల తరబడి, మంచి మంచి జట్లలో, తనకంటే మెరుగైనవాడి వెనక కూర్చున్నవాడు. కోచ్‌గా అతని బలమూ బలహీనతా రెండూ అక్కడే పుట్టాయని నా నమ్మకం.

1974 జనవరిలో సావో టోమేలో పుట్టాడు. ఆఫ్రికా పడమటి తీరానికి దూరంగా ఉన్న ఆ దీవులు అప్పటికింకా పోర్చుగల్ చేతిలోనే ఉన్నాయి. మూడు నెలలకే లిస్బన్‌లో కార్నేషన్ విప్లవం వచ్చి నియంతృత్వం కూలింది. మరుసటేడు దీవులకు స్వాతంత్ర్యం వచ్చింది. నూనో ఫుట్‌బాల్ మాత్రం పోర్చుగల్‌లోనే సాగింది. ఉత్తరాదిన గిమరాయిన్స్ పట్టణంలోని విటోరియా క్లబ్బులో పేరు తెచ్చుకున్నాడు. 1996 అట్లాంటా ఒలింపిక్స్‌కి వెళ్లిన పోర్చుగల్ జట్టులో ఉన్నాడు. ఆ తర్వాత స్పెయిన్‌లోని డెపోర్టివో లా కొరూన్యాకి వెళ్లాడు. ఆ బదిలీ కుదిర్చినవాడు అప్పటికి వీడియో షాపు, నైట్‌క్లబ్బు నడుపుకుంటున్న జోర్జె మెండెస్. తర్వాత క్రిస్టియానో రొనాల్డోకీ కోచ్ మొరీన్యోకీ ఏజెంటై, యూరప్ ఫుట్‌బాల్ బదిలీల మార్కెట్టునే శాసించిన మెండెస్‌కి అదే మొదటి బేరం. ఈ సంగతి గుర్తుంచుకోండి, మళ్లీ పని పడుతుంది.

డెపోర్టివోలో గోల్ ముందు కామెరూన్ కీపర్ సోంగో ఉన్నాడు. నూనోని లోన్ మీద (అంటే తాత్కాలికంగా వేరే క్లబ్బుకి ఆడటానికి) ఒకసారి మెరిడాకి, ఒకసారి ఒసాసునాకి పంపారు. అతను బయట ఉన్న 1999-2000 సీజన్లోనే డెపోర్టివో తన చరిత్రలో ఒకే ఒక్కసారి స్పెయిన్ లీగ్ గెలిచింది. తిరిగొచ్చేసరికి కొత్త కీపర్ మొలీనా వచ్చి ఉన్నాడు. 2002లో పోర్టో చేరాడు. అక్కడ మొదటి కీపర్ విటోర్ బాయియా. పోర్చుగల్ ఫుట్‌బాల్‌లో బాయియా అంటే ఏమిటో చెప్పాలంటే వేరే వ్యాసం కావాలి. ఆ మనిషి ఫిట్‌గా ఉన్నంతకాలం రెండోవాడికి కప్పు మ్యాచులే గతి. ఆ కప్పు మ్యాచుల్లోనే ఒకసారి, వార్జిమ్ మీద 7-0తో గెలిచిన రోజున, అప్పటి పోర్టో కోచ్ మొరీన్యో అతన్ని పెనాల్టీ కొట్టమన్నాడు. కొట్టాడు, గోలైంది. రెండో కీపర్ల జీవితంలో అలాంటి సరదాలు అరుదు.

పోర్టో 2003లో యూరప్ రెండో స్థాయి టోర్నీ యూఈఎఫ్ఏ కప్పు గెలిచింది, 2004 మే 26న గెల్సెన్‌కిర్షెన్‌లో మొనాకో మీద 3-0తో యూరప్ అతిపెద్ద క్లబ్ టోర్నీ ఛాంపియన్స్ లీగ్ గెలిచింది. ఆ ఫైనల్ మొత్తం నూనో బెంచీ మీదే ఉన్నాడు. మెడలో మాత్రం అందరిలాగే పతకం పడింది.

రెండో కీపర్ పని గురించి మన ప్రేక్షకులు పెద్దగా ఆలోచించరు. వింగర్ బెంచీ మీద ఉంటే అరవయ్యో నిమిషానికి తన వంతు వస్తుందన్న ఆశతో ఉంటాడు. రెండో కీపర్‌కి ఆ ఆశ లేదు. మొదటివాడు గాయపడాలి, లేదా రెడ్ కార్డు తినాలి, అప్పుడే తన అవసరం. వారమంతా మొదటివాడితో సమానంగా దూకాలి, వాణ్ణి పదునుగా ఉంచాలి, శనివారం పొద్దున వాడి భుజం తట్టి పంపాలి. ఆ తొంభై నిమిషాలూ కోచ్‌కి నాలుగడుగుల దూరంలో కూర్చుని, తన ప్రమేయం లేని ఆటని చూడాలి. కోచ్ ఎవరి మీద అరుస్తున్నాడు, ఎవరి దగ్గర గొంతు తగ్గిస్తున్నాడు, ఆట చెయ్యి దాటుతోందని ఎప్పుడు పసిగట్టాడు, అన్నీ వినబడతాయి. నూనో రెండేళ్లు అలా విన్నది మొరీన్యోని.

వంతు వస్తే మాత్రం చెప్పి రాదు. 2004 డిసెంబరు 12, యోకొహామా. యూరప్, దక్షిణ అమెరికా ఛాంపియన్లు తలపడే ఇంటర్‌కాంటినెంటల్ కప్పు మ్యాచ్, ఎదురుగా కొలంబియా జట్టు ఓన్సె కాల్డాస్. మ్యాచ్ చివరి దశలో బాయియాకి గుండె దడ మొదలైంది. బయటికి తీసుకెళ్లారు. చలికి బిగుసుకున్న కాళ్లతో నూనో లోపలికొచ్చాడు. గోల్ పడలేదు, ఎక్స్‌ట్రా టైమ్ అయిపోయింది, పెనాల్టీలు. తొమ్మిదో రౌండు దాకా సాగి పోర్టో 8-7తో గెలిచింది. ఆ కప్పుకి అదే ఆఖరి సంవత్సరం. ఏడాదంతా చేతులు కట్టుకు కూర్చున్న మనిషి, ప్రపంచ క్లబ్ కిరీటం తేలే క్షణంలో గోల్ ముందు ఉన్నాడు. నెల తిరగ్గానే దినమో మాస్కోకి వెళ్లిపోయాడు.

దేశం తరఫున కథ ఇంకా విచిత్రం. 2008 యూరో ముందు కీపర్ కీమ్‌కి గాయమైతే 34 ఏళ్ల నూనోని పిలిచారు. రికార్డో ఆడాడు, మిగిలిన ఇద్దరూ కూర్చున్నారు. నూనో పక్కన కూర్చున్న ఆ మరొకడు అప్పటికి ఇరవయ్యేళ్ల రుయి పాట్రిసియో. పాట్రిసియో తర్వాత 2016లో యూరో గెలిచిన కీపర్ అయ్యాడు. నూనో పోర్చుగల్ సీనియర్ జట్టు తరఫున ఒక్క మ్యాచ్ కూడా ఆడకుండానే 2010లో పోర్టోలో ఆట ముగించాడు.

మన క్రికెట్‌లో వికెట్‌కీపర్ కెప్టెన్ అయితే ఎవరూ వింతగా చూడరు. అందరికంటే బాగా ఆటని చూసేది అతనే కదా అంటాం, ధోనీ పేరు చెప్తాం. అదే తర్కం ఫుట్‌బాల్‌కి ఎందుకు పనికిరాలేదు? ఇంగ్లండ్ మొదటి డివిజన్ అయిన ప్రీమియర్ లీగ్ 1992లో మొదలైంది. ఇప్పటిదాకా దాన్ని గెలిచిన మేనేజర్లలో మాజీ గోల్‌కీపర్ ఒక్కడూ లేడు. ఇటలీకి డీనో జోఫ్ ఉన్నాడు, 1993లో మార్సేకి యూరప్ కప్పు తెచ్చిన బెల్జియన్ రేమాన్ గోతాల్స్ ఉన్నాడు. ఇంకా కొందరుంటారు. మొత్తం మీద తక్కువే. కీపర్లకి వేరే కోచ్, గ్రౌండులో వేరే మూల, వేరే వ్యాయామాలు. మిగతా పదిమంది పాసింగ్ నేర్చుకుంటుంటే వీళ్లు క్రాసులు పట్టుకుంటుంటారు. క్లబ్బు యజమానులు కోచ్ కోసం వెతికేటప్పుడు కీపర్‌ని కీపింగ్ కోచ్‌గానే ఊహిస్తారు. నూనోకి దొరికిన మొదటి పని కూడా అదే. పోర్టోలో తనకు కోచ్‌గా ఉన్న జెజువాల్దో ఫెరీరా పక్కన మలగాలోనూ, ఆ తర్వాత పనథినైకోస్‌లోనూ కీపర్ల కోచ్. ఆడే రోజుల్లోనే స్కాట్లండ్ వెళ్లి కోచింగ్ లైసెన్సు కోర్సు చేశాడు. అక్కడ పరిచయమైన ఇయన్ క్యాథ్రో అనే స్కాట్లండ్ కుర్రాణ్ణే తర్వాత సహాయకుడిగా వెంటబెట్టుకున్నాడు.

2012లో మొదటి పెద్ద బాధ్యత, రియో ఆవె. విలా దో కొండె అనే తీరప్రాంత పట్టణంలోని చిన్న క్లబ్బు. ఆ ఏడాది అక్కడి కీపర్ల జాబితా చూస్తే కళ్లు తిరుగుతాయి. గోల్ ముందు బెన్‌ఫికా నుంచి లోన్ మీద వచ్చిన యాన్ ఓబ్లాక్. వెనక ఎక్కువగా బెంచీ మీద, వంతు కోసం ఎదురుచూస్తూ, ఎడెర్సన్. ఒకడు అట్లెటికో మాడ్రిడ్ గోడ అయ్యాడు, రెండోవాడు గార్డియోలా కోచ్‌గా ఉన్న మాంచెస్టర్ సిటీకి కీపర్ అయ్యాడు. ఇద్దరినీ నూనోయే తయారుచేశాడని అనను. అలా అంటే అతిశయోక్తి అవుతుంది. కానీ బెంచీ మీద ఉన్న కుర్రాడితో ఎలా మాట్లాడాలో తెలిసిన కోచ్ ఆ పట్టణంలో ఉండటం ఎడెర్సన్ అదృష్టమే అనుకుంటాను. 2014లో రియో ఆవె పోర్చుగల్ రెండు కప్పుల ఫైనల్సుకీ చేరి, రెండూ బెన్‌ఫికా చేతిలో ఓడింది. ఓడినా యూరప్ టోర్నీలో మొదటిసారి అడుగుపెట్టింది.

అక్కణ్ణుంచి స్పెయిన్ క్లబ్బు వలెన్సియా. ఇక్కడ మెండెస్ మళ్లీ వస్తాడు. క్లబ్బు కొంటున్న సింగపూర్ వ్యాపారి పీటర్ లిమ్‌కి మెండెస్ దగ్గరి మనిషి. నూనో అలా వచ్చాడని స్పెయిన్ పత్రికలు దుమ్మెత్తిపోశాయి. తర్వాత ఇంగ్లండ్ క్లబ్బు వుల్వ్స్‌లోనూ చైనా యజమానులు ఫోసున్‌కి సలహాలిచ్చింది మెండెసే. కాబట్టి "ఏజెంటు దయ" అన్న విమర్శని నేను తోసిపుచ్చను. తలుపు తీసింది మెండెసే. మెండెస్ మనుషులు ఇంకా చాలామంది చాలా తలుపుల్లోంచి లోపలికెళ్లారు, ఆరు నెలల్లో బయటికొచ్చారు. నూనో మొదటి సీజన్లోనే వలెన్సియాని 77 పాయింట్లతో నాలుగో స్థానంలో నిలిపి ఛాంపియన్స్ లీగ్‌కి చేర్చాడు. వరసగా 22 మ్యాచులు గెలిచి వచ్చిన రియల్ మాడ్రిడ్‌ని 2015 జనవరిలో సొంత మైదానం మెస్టాయాలో 2-1తో ఆపింది ఆ జట్టే. రెండో ఏడు చెడింది, స్టాండ్స్‌లో ఈలలు, నవంబరులో బయటికి.

ఆ తర్వాత సొంత క్లబ్బు పోర్టోకి కోచ్. ఈ ఒక్క సీజన్ చూస్తే నా వాదన మొత్తం అర్థమవుతుంది. 2016-17లో 34 లీగ్ మ్యాచుల్లో పోర్టో ఓడింది రెండే. డ్రాలు పది. లీగ్ బెన్‌ఫికా ఎగరేసుకుపోయింది, నూనో ఉద్యోగం పోయింది. ఎదుటివాడు తప్పు చేసేదాకా ఆగగలగడం రెండో కీపర్ స్వభావం. రియో ఆవెలో, వలెన్సియా మొదటి ఏడులో, ఎదుటివాడు బలవంతుడు కాబట్టి ముందుకొస్తాడు, తప్పు చేస్తాడు. పోర్టో సొంత మైదానానికి వచ్చే చిన్న జట్టు ముందుకు రాదు. అదీ కూర్చుంటుంది. ఇద్దరూ కూర్చుంటే డ్రా.

వుల్వ్స్ అందుకే అతని అసలు ఇల్లు. 2017 మేలో ఇంగ్లండ్ రెండో డివిజన్‌లో ఉన్న ఆ పాత క్లబ్బుకి వచ్చాడు. వచ్చిన కొన్ని వారాలకే సీజన్ ముందు చేసే రక్తపరీక్షల్లో జట్టు మొదటి కీపర్ కార్ల్ ఇకేమెకి ల్యుకేమియా అని తేలింది. జాన్ రడ్డీ గోల్ ముందుకొచ్చాడు. ముగ్గురు సెంటర్‌బ్యాకులు (వెనక మధ్యలో ఆడే డిఫెండర్లు), వాళ్ల మధ్యలో నూనో నిలబెట్టింది కోనర్ కోడీని. అప్పటిదాకా అతను మిడ్‌ఫీల్డర్. మైదానమంతా కనబడే చోట నిలబడి ఆగకుండా అరిచే మనిషి కావాలనుకున్నాడు నూనో. కీపర్ ఆలోచనంటే నాకు అదే. పైన ఇరవయ్యేళ్ల రూబెన్ నెవెస్, పోర్టోలోనూ తన దగ్గరే ఆడిన డియోగో జోటా. జోటా పేరు రాస్తుంటే ఇప్పుడు చెయ్యి ఆగుతుంది. 2025 జులైలో స్పెయిన్‌లో కారు ప్రమాదంలో పోయాడు.

ఆ సీజన్లో ఒక రాత్రి చెప్పి తీరాలి. 2018 ఏప్రిల్, కార్డిఫ్. మొదటి స్థానంలో వుల్వ్స్, రెండోది కార్డిఫ్. నెవెస్ ఫ్రీకిక్‌తో 1-0. ఇంజురీ టైమ్‌లో కార్డిఫ్‌కి పెనాల్టీ. మెడీన్ కొట్టాడు, రడ్డీ ఆపాడు. ఊపిరి పీల్చుకునేలోపే ఇంకో పెనాల్టీ. హోయిలెట్ కొడితే బార్‌కి తగిలింది. విజిల్ పడగానే నూనో మైదానంలోకి పరిగెత్తాడు. ముందుగా చెయ్యి కలపలేదని కార్డిఫ్ మేనేజర్ నీల్ వార్నాక్ కోపంతో ఊగిపోయాడు. మర్యాద ప్రకారం వార్నాక్‌దే న్యాయం. కానీ జీవితంలో సగం పెనాల్టీలని బెంచీ మీంచే చూసిన మనిషిని ఆ క్షణంలో మర్యాద అడగటం నాకు న్యాయమనిపించదు.

99 పాయింట్లతో డివిజన్ గెలిచి ప్రీమియర్ లీగ్‌కి వచ్చారు. ఆ వేసవిలో రుయి పాట్రిసియో చేరాడు, 2008 యూరోలో పక్కన కూర్చున్న అదే పాట్రిసియో. ఒకటో నంబరు జెర్సీ ఇకేమెదని, దాన్ని తీసుకోకుండా 11 వేసుకున్నాడు. గోల్‌కీపర్ వీపు మీద 11! ఇకేమె కోలుకున్నాడు కానీ ఆటకి మళ్లీ రాలేదు.

వరసగా రెండు సీజన్లు ఏడో స్థానం. 39 ఏళ్ల తర్వాత యూరప్ పోటీ. 2019-20లో గార్డియోలా సిటీని ఇంటా బయటా ఓడించారు. ఆ ఏడు యూరోపా లీగ్ (ఒకప్పటి యూఈఎఫ్ఏ కప్పే) క్వార్టర్ ఫైనల్లో స్పెయిన్ జట్టు సెవియా మీద స్ట్రైకర్ రౌల్ హిమెనెజ్ పెనాల్టీ పోగొట్టాడు, 88వ నిమిషంలో గోల్ తిని 1-0తో ఓడారు. అటు సెవియా కోచ్ హులెన్ లొపెతెగీ, అతనూ మాజీ గోల్‌కీపరే. తమాషా ఏంటంటే పోర్టో, వుల్వ్స్, వెస్ట్ హామ్, మూడు క్లబ్బుల్లోనూ వీళ్లిద్దరూ ముందూ వెనకగా పనిచేశారు. కీపర్ కోచ్‌లు ఇంత తక్కువగా ఉన్న లోకంలో ఈ ఇద్దరూ ఒకరి కుర్చీలో ఒకరు కూర్చుంటూ తిరగడం నాకెప్పుడూ నవ్వు తెప్పిస్తుంది.

నా స్నేహితుడికి కూడా కొంత ఇవ్వాలి. 2020 నవంబరులో ఆర్సెనల్ మ్యాచులో హిమెనెజ్ పుర్రె ఎముక విరిగింది. ముందు ఒక్కడే బంతి ఆపి, వెనకున్నవాళ్లు వచ్చేదాకా నిలబెట్టగల మనిషి పోయాడు. నూనో దగ్గర రెండో దారి లేకపోయింది. 13వ స్థానం, విడిపోవడం. ఇది అతని ఆటలో నిజమైన లోపం. కౌంటర్ ఎటాక్‌కి ఆ ఒక్క స్తంభం కావాలి. అది లేకపోతే మిగిలేది డిఫెన్స్ మాత్రమే, అది చూడటానికి నిజంగానే విసుగు.

టాటెన్‌హామ్ సంగతి క్లుప్తంగా. మొరీన్యోని తీసేశాక 72 రోజులు వెతికి, ఎవరెవరినో అడిగి, చివరికి నూనో దగ్గరికొచ్చారు. ఒకప్పటి గురువు ఖాళీ చేసిన కుర్చీ. ముఖ్య స్ట్రైకర్ కేన్ మనసు అప్పటికే మాంచెస్టర్ సిటీకి వెళ్లిపోవడం మీద ఉంది. మొదటి మూడు లీగ్ మ్యాచులూ 1-0తో గెలుపే, అందులో ఒకటి సిటీ మీదే. ఆగస్టుకి ఉత్తమ మేనేజర్ అవార్డు. తర్వాత లీగ్‌లో వరసగా మూడు ఓటములు, ప్రతి దాంట్లో మూడేసి గోల్స్ తిన్నారు. అక్టోబరు 30న మాంచెస్టర్ యునైటెడ్‌తో మ్యాచులో లూకాస్ మౌరాని బయటికి పిలిచినప్పుడు సొంత స్టేడియమే అతని మీద అరిచింది. రెండు రోజులకి సెలవు. పది లీగ్ మ్యాచుల్లో ఐదు గెలుపులు, ఐదు ఓటములు. అభిమానులు దాడి చేసే ఆట కోరుకుంటున్నారని క్లబ్బుకి ముందే తెలుసు. అయినా నూనోని పెట్టుకుంది. తప్పు ఎవరిదో మీరే చెప్పండి.

సౌదీలో అల్ ఇత్తిహాద్‌కి 14 ఏళ్ల తర్వాత లీగ్ తెచ్చాడు. 2022-23లో 30 మ్యాచుల్లో తిన్నవి 13 గోల్సే. తర్వాత ఫ్రాన్స్ స్టార్ స్ట్రైకర్ బెంజెమా వచ్చాడు, నవంబరులో నూనో ఉద్యోగం పోయింది. పెద్ద క్లబ్బుల కథ మళ్లీ అదే.

2023 డిసెంబరులో మళ్లీ ఇంగ్లండ్, నాటింగ్‌హామ్ ఫారెస్ట్ క్లబ్బు. క్లబ్బు నష్టాలకి పెట్టిన పరిమితి దాటినందుకు లీగ్ నాలుగు పాయింట్లు కోసేసినా, 32 పాయింట్లతో 17వ స్థానంలో బయటపడ్డారు. మరుసటేడు 65 పాయింట్లు, ఏడో స్థానం. అప్పటికి క్లబ్బు యూరప్ పోటీలకి వెళ్లి మూడు దశాబ్దాలవుతోంది. బంతిని అతి తక్కువ సేపు తమ దగ్గర ఉంచుకున్న జట్లలో అదొకటి. అయినా సెప్టెంబరులో లివర్‌పూల్‌ని వాళ్ల సొంత మైదానం ఆన్‌ఫీల్డ్‌లో 1-0తో ఓడించింది. ఆ లివర్‌పూల్ ఆ ఏడాది ఛాంపియన్. క్రిస్ వుడ్‌కి 33 ఏళ్ల వయసులో 20 లీగ్ గోల్స్. కీపర్ మట్స్ సెల్స్ 13 క్లీన్ షీట్లతో (గోల్ తినని మ్యాచులు) ఆర్సెనల్ కీపర్ డేవిడ్ రాయాతో కలిసి గోల్డెన్ గ్లవ్ అవార్డు పంచుకున్నాడు. జనవరిలో బోర్న్‌మత్ చేతిలో 5-0తో చితికిపోయి, వారం తిరిగేసరికి బ్రైటన్‌ని 7-0తో కొట్టింది. ఏడు గోల్స్ కొట్టినవాణ్ణి బంతంటే ఇష్టం లేనివాడని అనగలమా?

యజమాని మారినాకిస్‌తో సంబంధం మాత్రం అరిగిపోయింది. మేలో లెస్టర్‌తో 2-2 డ్రా అయ్యాక యజమాని మైదానంలోకే వచ్చి అందరి ముందూ నూనోతో మాట్లాడటం ప్రపంచమంతా చూసింది. జూన్‌లో కొత్త కాంట్రాక్టు ఇచ్చారు. ఆగస్టులో, యజమానితో మునుపటి దగ్గరితనం లేదని నూనోయే పత్రికల ముందు చెప్పాడు. ఆ నెలాఖర్న సొంత మైదానంలో వెస్ట్ హామ్ చేతిలో 3-0తో ఓడారు, సెప్టెంబరు 9న తీసేశారు. నెలాఖరుకి అదే వెస్ట్ హామ్ అతన్ని పెట్టుకుంది.

ఫారెస్ట్ అతని స్థానంలో తెచ్చుకుంది యాంజె పోస్తెకోగ్లూని. కొన్ని నెలల ముందే టాటెన్‌హామ్‌కి యూరోపా లీగ్ గెలిచిపెట్టినవాడు, దాడి తప్ప మరోటి తెలియని కోచ్. నా స్నేహితుడికి ఇష్టమైన రకం. ఎనిమిది మ్యాచుల్లో ఒక్క గెలుపూ లేదు. 39 రోజులకి పంపేశారు. తర్వాత ఎవర్ని పిలిచారో చూడండి: షాన్ డైచ్. డిఫెన్స్ గట్టిగా కట్టడానికి, బంతి లేకుండా బతకడానికి ఇంగ్లండ్‌లో పేరున్న మనిషి.